ఆఖరి కుట్టు

కాశీబుగ్గలో కరెంటు పోయిన శనివారం రాత్రి
ఏడో తరగతి లెక్కొకటి
నా ఒళ్లోంచి కదలనంది.

జామపళ్ల బుట్ట.
మొదటివాడికి సగం, పైన మూడు.
మిగిలినవాటిలో సగం రెండోవాడికి, పైన రెండు.
చివరికి ఐదు.
బుట్టలో ముందు ఎన్ని?

"ఎక్స్ అనుకుందాం" అన్నారు అప్పలస్వామి మాస్టారు.
అనుకున్నాను.
అనుకున్నకొద్దీ అది
రెండు కాళ్లూ రెండు చేతులూ చాపి
దారికడ్డంగా నిలబడింది.

జీడి బట్టీ నుంచి వచ్చిన అమ్మ
వేళ్లకి ఆముదం రాసుకుంటూ
"ఏటే గుంటా, ఎవులి మీద బెంగ?" అంది.
చదివి వినిపించాను.

"లేనిదాన్ని అనుకోడమేటి?
ఉన్నదాని కాడ్నించి రా.
ఐదున్నాయి కదా సేతిలో.
ఆఖర్న పైనిచ్చిన రెండూ ముందు లాక్కో."
ఏడు.
"అది సగవే. దాని జతని పిలు."
పద్నాలుగు.
"మొదటోడికి పైనిచ్చిన మూడో?"
పదిహేడు.
ఆమె ఇంకేదో అనేలోపే
నా నోరు ముప్పై నాలుగంది.

"గోనె మూతి కుట్టు సూడ్లేదేటి?
మొదట్నుంచి పీకితే బిగుసుకుంటాది.
ఆఖరి కుట్టు దొరకబుచ్చుకో,
జరజరా మొత్తం ఒచ్చేత్తాది."

ఆమె బడి మొహం చూడలేదు.
కొంగుముడిలో మిగిలిన ఇరవై మూడు రూపాయల్నుంచి
ఉప్పూ, కిరసనాయిలూ, చీటీ డబ్బూ దాటుకుంటూ
గుమస్తా లెక్కపెట్టిన కూలి దాకా
ప్రతి శనివారం వెనక్కి నడిచేది.
ఒక్కోసారి దారిలో పది రూపాయలు తప్పిపోయేవి.
అప్పుడు మాత్రం నాన్న వైపు చూసేది.

ఇప్పుడు సోంపేటలో నేనూ లెక్కల టీచర్ని.
కూడినదాన్ని తీసెయ్యండి,
గుణించినదాన్ని భాగించండి అని చెబుతూ చెబుతూ
సున్నా దగ్గర ఆగుతాను.
సున్నాతో గుణించాక వెనక్కి దారి లేదు,
ఏ అంకెతో బయల్దేరావో
అది ఎవరికీ చెప్పదు.

మొన్న రేషన్ డిపోలో
అమ్మ బొటనవేలు మిషన్ మీద పెట్టింది.
మిషన్ ఒప్పుకోలేదు.
చీరకి తుడిచి మళ్లీ పెట్టింది.
ముప్పై ఏళ్ల జీడినూనె
గీతలన్నీ తినేసింది.
వెనక లైన్లో ఎవరో "బేగి కానీండి" అన్నారు.

అమ్మ వేలు వెనక్కి తీసుకుని
గోరు నుంచి కణుపు దాకా, కణుపు నుంచి గోరు దాకా
తిప్పి చూసుకుంది.
"ఎక్కడొగ్గీసినానో" అంది.
చిటికెనవేలు పెట్టింది.