తాకట్టు చెంబు

మా పాకాల వీధికంతా పాతాళ గరిగె ఒకటే,
కుప్పమ్మది.
బావిలో బిందె జారిపోతే
ఆమె గడపలో ఒక చెంబు తాకట్టు పెట్టి
గరిగె తెచ్చుకోవాలి.
పోయినదాన్ని వెతకాలంటే ఉన్నదొకటి ఇచ్చి రావాలి.
పెద్ద చదువులో కూడా
ఇంతకు మించిన నియమం ఎవరూ చెప్పలేదు నాకు.

ఇప్పుడు నేను టీవీలో కనబడతాను.
"నా పేరు మునికుమారి, రండి నాతో, సముద్రం అడుక్కి" అని
పడవ అంచు మీంచి వెనక్కి పడిపోతాను.
ముప్పై మీటర్ల కింద
అన్నిటికంటే ముందు ఎరుపు చచ్చిపోతుంది.
వేలు తెగితే నెత్తురు ఆకుపచ్చగా కారుతుంది.

లంగరు రాయి దొరికిన రోజు
నేనేమీ అనలేదు. నోట్లో గొట్టం.
గుండె మాత్రం గాలిని జాస్తిగా తాగేసింది,
మీటరు ముల్లు చూసి భయపడ్డాను.
పైకొచ్చాక విన్సెంట్ అన్నాడు:
"మేడం, రేపు వెలుతురు బాగుంటుంది.
మళ్ళీ కనుక్కోండి.
ఈసారి కొంచెం కళ్ళు పెద్దవి చెయ్యండి."

పద్నాలుగేళ్ళుగా
ప్రతిదాన్నీ రెండుసార్లు కనుక్కుంటున్నాను.
జనం చూసేది రెండోదే.

ఉప్పునీటి కుండను ఊరికే ఆరబెడితే
పొరలు పొరలుగా రాలిపోతుంది.
మంచినీళ్ళలో పెట్టాలి, మార్చాలి, మళ్ళీ మార్చాలి,
నెలల తరబడి, ఉప్పు దిగేదాకా.
ఫోన్లో ఆ మాట చెబితే మా చిన్నమ్మ,
"కుండకా? అన్ని నీళ్ళా?
ఈడ ట్యాంకరొచ్చి అయిదు దినాలాయె."

ఈ ఎండాకాలం మా వీధి బావికే వచ్చాం,
నేనూ, కెమెరా, విన్సెంట్.
నిచ్చెన చాలింది.
మునక నేర్చుకున్న చోట
చెప్పులేసుకుని నడిచాను.
ఒండ్రు తవ్వితే
తాళంకప్ప, గోళీసోడా సీసా మెడ, సత్తు గ్లాసు,
ఇంకా కింద
కొక్కేలన్నీ విప్పుకుని
తుప్పు పట్టిన తేళ్ళ గుంపులా
కుప్పమ్మ గరిగె.

నా తొమ్మిదో ఏట తాడు తెగింది.
బిందె పోతే గరిగె వెయ్యాలి సరే,
గరిగె పోతే ఏం వెయ్యాలి?
ఆ మరుసటి రోజు నుంచి బడికి
రైలుకట్ట మీదుగా చుట్టు తిరిగి పోయేదాన్ని.

"మేడం, ఇంకొక్కసారి" పైనుంచి విన్సెంట్.
నేను దాన్ని మళ్ళీ బురదలో పెట్టలేదు.

కుప్పమ్మ అరుగు మీద చింతపండు గింజ తీస్తా ఉంది.
ముందు పెట్టాను.
తిప్పి చూసి, "ఒక కొక్కెం తక్కవ" అంది.
లోపలికి పోయింది.
చానాసేపు గిన్నెలు కదిలిన చప్పుడు.
మా అమ్మ పేరు చుక్కలు చుక్కలుగా కొట్టిన
ఇత్తడి చెంబుతో వచ్చింది.

"చెంబు కోసరమన్నా వస్తావనుకుంటి.
టీవీలో వస్తివి."