కొడుక్కాపులి

అవ్వ గంపలో అమ్మే కాయకి అరవంలో ఆ పేరు.
నా తెలుగు చెవిలో మాత్రం
రెండు ముక్కలుగా విరిగి పడేది:
కొడుక్కా? పులి.

కొరుక్కుపేట గేటు పడ్డప్పుడల్లా
గూడ్సుకి ఎన్ని పెట్టెలుంటే అన్నిసార్లు అరిచేది అవ్వ.
పక్కన చతికిలబడి అడిగాను ఒకరోజు:
కొడుక్కి పులి సరే,
కూతురికేంది అవ్వా?

"కూతురికి ముల్లు" అంది మాలకొండమ్మ,
గంప అడుగునుంచి ఒకటి తీసి చూపిస్తూ.
వెటకారం కాదు.
ఆ ముల్లుతోనే నా చెవులు కుట్టింది,
నా మడమలో విరిగిన ఇంకో ముల్లుని
ఆ ముల్లుతోనే లాగింది.

ఆ చెట్టుని కంచె కోసం రైల్వేవాళ్ళు నాటారని కొందరు,
కాకి నాటిందని అవ్వ.
పై కొమ్మలు చిలకలవి, కింది కొమ్మలు మేకలవి,
నడిమివి మావి.
పొయ్యిలో పెడితే మంట కంటే పొగ ఎక్కువ.
ఊరికే ఏడవాలనిపించిన ఆడవాళ్ళకి
అంతకంటే మంచి కట్టె లేదు.

తంగేడు చెక్క బస్తాలు దిగని వారం
తాత చెంచురామయ్య ఈ చెట్టు బెరడే ఒలిచి
తోలు షాపుకి మోసేవాడు.
తొట్లో తోలుకి పట్టిన రంగే చేతులకీ పట్టింది.
ఆయన పోయిన రోజు
సీకాయపొడితో ఎంత రుద్దినా
మోచేతుల కింద అది వదల్లేదు.

మాకు కడుపు జారితే
ఆ బెరడే కాచి తాగించేది అవ్వ.
మూతి ముడిస్తే ఒకటే మాట:
"ఎద్దు తోలునే బిగించింది, నీ పేగెంత?"

ఇక గింజ.
పైన నలుపు, దాని కింద గోధుమరంగు, లోపల తెలుపు.
గోటితో నలుపు ఒక్కటే తీయాలి.
తెల్లచుక్క కనబడిందా, ఓడిపోయినట్టే.
గెలిచిన గింజని గడప పైన పెడితే
ఇంటికి ఎవరో వస్తారు.
నేను గెలిచింది ఒక్కసారి.
తొమ్మిది రోజులు ఎవరూ రాలేదు.
పదో రోజు వచ్చాడు,
బిల్లు కట్టలేదని కరెంటు కోసేవాడు.

ఇప్పుడు నాది కార్పొరేషన్‌లో చెట్లు లెక్కపెట్టే పని.
ఛాతీ ఎత్తున టేపు చుట్టి, చుట్టుకొలత రాసి,
నంబరు రేకు కొట్టాలి.
చెట్టు స్వదేశీయా, విదేశీయా?
మెక్సికో అట, మనీలా మీదుగా అట.
అవ్వకి ఇవేవీ తెలియవు.
ఊళ్ళో దీన్ని సీమచింత అనేవాళ్ళని మాత్రం చెప్పేది.
ఏ సీమ అవ్వా అంటే
"ఓడ దిగిందల్లా సీమదే,
రైలు దిగినోళ్ళం మనం" అనేది.

విదేశీ అనే గడిలో టిక్కు పెట్టాను.
తర్వాతి గడి, ఉపయోగం.
అందులో పదిహేను అక్షరాలే పడతాయి.
నీడ అని రాశాను.
ఈ చెట్టుకి ఉన్నవాటిలో
అన్నిటికంటే పల్చనిది అదే.

సాయంత్రం బడి గేటు దగ్గర తోపుడుబండి మీద
అవే కాయలు, చుట్టలు తిరిగి,
ఎండ తగిలిన వైపు ఎర్రబారి.
కాగితం పొట్లం ఇరవై రూపాయలు.
మా కయల్‌కి పులి కథంతా చెప్పాను.
అరవంలో చదువుకుంటున్న పిల్ల
నా వైపు జాలిగా చూసింది.
"కొడుకు కాదమ్మా, కొడుక్కు.
తేలు కొండి.
వంకర చూడు కాయకి."

ముప్పయ్యేళ్ళు
నేను కుళ్ళుకున్నది ఒక తేలుని చూసా!

అవ్వకి తెలుసా ఈ సంగతి?
తెలిసే నా చేతిలో ముల్లు పెట్టిందా?
అడగడానికి లేదు.
పప్పు నోట్లో వేసుకున్నాను.
ముందు తీపి,
ఆ తర్వాత గొంతు పట్టుకునే ఆ వగరు,
మాట రానివ్వదు.

కయల్ అప్పటికే
గింజ మీద గోరు పెట్టింది.