బెండు ముక్కు

ఆ ముక్కు నేనే చెక్కాను.
జాలరిపేటలో పాత వలకి ఊడిపోయిన బెండు,
బ్లేడుతో గుండ్రం చేసి, లోపల తొలిచి,
రిక్షాలకి వేసే ఎర్ర రంగు రెండు పూతలు.
ఎంత కడిగినా చివరిదాకా
చేపవాసన వదల్లేదు దాన్ని.

మీకు తెలిసింది తుస్సయ్య.
నాకు తెలిసింది కాండ్రేగుల సన్నిబాబు,
పోర్టులో కలాసీ.

ఎరువుల ఓడ వచ్చిన రోజున
దాని కడుపులో బస్తాలు సర్దుతుంటే
కొక్కెం ఊగి తగిలింది.
వెనక్కి వెనక్కి నాలుగడుగులు,
చేతులు రెండూ కోడి రెక్కల్లా కొట్టుకుని
వెల్లకిలా పడ్డాడు.
గ్యాంగంతా పగలబడి నవ్వింది.
రెండు పక్కటెముకలు విరిగాయని
నవ్వడం అయ్యాకే తెలిసింది.

కేజీహెచ్‌లో పట్టీ కట్టించుకుంటూ నాతో అన్నాడు:
"ఆ పడ్డం బాగుందిరా.
దాన్ని ఒగ్గీకూడదు."

యూనియన్ వార్షికోత్సవంలో మొదటిసారి,
తర్వాత గాజువాక, గోపాలపట్నం,
అనకాపల్లి నూకాలమ్మ జాతర.
ముప్పయ్యొక్క ఏళ్లు ఒకటే పడ్డం.
పీటలు పన్నెండు మారాయి.

జింకు పొడి కొబ్బరినూనెలో రంగరించి
మొహానికి పూస్తుంటే కళ్లు మూసుకుని
వడ్డీవాళ్ల పేర్లు వరసగా చెప్పుకునేవాడు,
జపం చేసినట్టు.
ఎడమ పక్క డొక్క మాత్రం తాకనిచ్చేవాడు కాదు.
రంగు తుడిచేటప్పుడు రోజూ అదే ప్రశ్న:
"నవ్వేరేటి?"
"నవ్వీసినారు బాబూ," అనేవాణ్ణి,
వానకి జనం రాని రోజున కూడా.

ఒక్కసారి తండ్రి వేషం కట్టాడు.
పంతం పట్టి, సొంత డబ్బు పెట్టి.
చచ్చిపోయిన కొడుకుని ఒళ్లో వేసుకుని ఏడవాలి.
తెర లేచింది. నోరు తెరవకముందే
వెనక బెంచీల్లో ఎవడో, "పడరా తుస్సయ్యా!"
హాలంతా ఈలలు.
శవం వేషం కట్టిన కుర్రాడిక్కూడా పొట్ట కదిలింది.
కాసేపు అలాగే కూర్చున్నాడు.
తర్వాత కొడుకు తల జాగ్రత్తగా కింద పెట్టి,
లేచి,
పడ్డాడు.
ఆ రాత్రి నన్నేమీ అడగలేదు.
పూర్ణా మార్కెట్ దాకా నడిచి చెరో టీ తాగాం.
డబ్బులు నేనే ఇచ్చాను.

మొన్న బాత్‌రూములో జారాడు.
డెబ్బయ్యేడేళ్ల మనిషి.
వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చిన కోడలు
గుమ్మంలో ఆగి, ఒక్క క్షణం, నవ్విందట.
తనే చెప్పింది నాతో, ఏడుస్తూ.
ఆ పిల్లనేం అంటాం?
నాలుగడుగులూ, కోడి రెక్కలూ, అన్నీ సరిగ్గా వచ్చాయట.

మళ్లీ కేజీహెచ్. ఈసారి తుంటి.
కిటికీ అవతల సముద్రం, లంగరేసి ఆగిన ఓడలు.
కళ్లు మూసుకుని ఉన్నాడు.
అలవాటు కొద్దీ తడిగుడ్డతో మొహం తుడిచాను,
చెవుల వెనక కూడా,
తెలుపు మిగిలిపోయేది అక్కడే కదా.

ఒక కన్ను తెరిచాడు.
"నవ్విందేటి?"

"నవ్వీసింది బాబూ," అన్నాను.
"ఆ టీ డబ్బులు ఇంకా ఇవ్వలేదు నువ్వు."