తదితరులు

ముప్ఫై ఒక్కేళ్లు సైడు తెర వెనక
టార్చిలైటూ నాటకం ప్రతీ పట్టుకుని
అందరికీ మాట అందించినవాణ్ణి.
కట్టా ఎలీషాకి మాత్రం ఒక్కసారీ అందించలేదు.
ఉన్నవే పదకొండు మాటలు,
అవీ ఒక్కరోజూ రాసినట్టు అనలేదాయన.

పగలు పొగాకు కంపెనీలో కాటా గుమాస్తా.
రాత్రి దొర.
రెండో రంగంలో వస్తాడు, నాలుగు నిమిషాలు.
కొబ్బరినూనెలో కలిపిన సఫేదా,
బుగ్గల మీద ఇంగిలీకం,
అంచు ఎలక కొరికిన బెండు టోపీ.
ఆ కొరికినవైపు ఎప్పుడూ జనానికే తిప్పేవాడు.
"టుమ్ హమ్‌కి సలామ్ చేస్టావా, లేడా?"
అనేసి, కుర్చీ ఉందనుకుని కూర్చునేవాడు.
కుర్చీ ఉండేది కాదు.
గాల్లో ఆగేవాడు, ఒక్క క్షణం.
ఆ క్షణంలో
బెంచీ టిక్కెట్టూ నేల టిక్కెట్టూ ఒకే నోరయ్యేవి.
మిర్చి గోడౌన్ల నుంచి తిన్నగా వచ్చిన హమాలీలు
దగ్గుతూ నవ్వేవాళ్లు, నవ్వుతూ దగ్గేవాళ్లు.

కరపత్రంలో ఆయన పేరుండేది కాదు.
హీరో, తెనాలి నుంచొచ్చే హీరోయిన్,
హార్మోనియం, లైటింగు, ఆఖరికి మైకు సెట్టువాడు,
అందరి కింద "తదితరులు."
"మా ఇంటిపేరు మార్చారోయ్," అనేవాడు,
"కట్టా కాదు, తదితరుల ఎలీషా."

ఒకసారి హీరోకి విరేచనాలు పట్టుకుంటే
ఈయనచేత ఏడుపు వేషం వేయించారు.
కొడుకు శవం మీద పడి నిజంగానే ఏడ్చాడు.
ఆయన పిల్లాడొకడు కామెర్లతో పోయాడని
ఆ రాత్రి నాకొక్కడికే గుర్తుంది.
జనం పగలబడి నవ్వారు.
కుర్చీ తియ్యండ్రా, కుర్చీ, అని ఈలలు.
ఆయన లేచి, ఏం చేస్తాడు,
లేని కుర్చీలో కూర్చున్నాడు.

డెబ్బైతొమ్మిది డిసెంబరు.
వాల్టర్ పిమ్ అని ఒక ముసలి తెల్లాయన.
వాళ్ల నాన్న ఇదే కంపెనీలో చేసేవాడట,
ఆ సమాధి వెతుక్కుంటూ గుంటూరొచ్చి
అరండల్‌పేట లాడ్జిలో దోమలకి నిద్రపట్టక
మా నాటకంలో ముందు వరసలో కూర్చున్నాడు.
ఎలీషా చూశాడు.
సఫేదా మీద చెమట గీతలు దిగాయి.
"టుమ్" అన్నాడు. ఆగాడు.
నేను టార్చి వెయ్యబోయాను.
అంతలో గాల్లో కూర్చునేశాడు.
అందరికంటే ముందు తెల్లాయనే నవ్వాడు,
అందరికంటే ముందు ఆపాడు కూడా.
ఎక్కడ ఆపితే అవతలివాడికి మాట దక్కుతుందో
తెలిసినవాడి నవ్వది.

తర్వాత టీ బంకు దగ్గర
ఈయన మిషన్ బడి ఇంగ్లీషు,
ఆయన ఆయా నేర్పిన తెలుగు: పాలు, బువ్వ, బూచాడు.
ఆయనా యాక్టరేనట. లండన్‌లో నలభై రెండేళ్లు.
బట్లరు, బస్సు కండక్టరు,
పడవలో వాంతి చేసుకునే పాదిరి.
ఒక సినిమాలోనైతే, చెప్పడానికి సిగ్గుపడ్డాడు,
మొహానికి గోధుమరంగు పూసుకుని, తలపాగా చుట్టి
మన డాక్టరు వేషం.
తల ఊపడమే పని.
"ఏదీ, ఊపు," అన్నాడు ఎలీషా.
ఊపాడు.
ఎలీషా నవ్వలేదు. గ్లాసు కింద పెట్టి
గెడ్డం పట్టుకుని, అలాక్కాదు, ఇలా పక్కకి, అని తిప్పాడు.
ఆయన లేచి ఎలీషా నడుం మీద చెయ్యేసి
మా నాన్న ఇలా నిలబడేవాడు, అని సర్దాడు.
రాత్రి రెండింటికి, నాలుగో లైను మొగలో,
బంకువాడు స్టవ్వు ఆర్పేసినా తెలీకుండా
ఒకరి వేషం ఒకరు దిద్దుకున్నారు.
ఈయన చెవి వెనక కడగని సఫేదా.
ఆయన చెవి వెనక ఏ రంగు మిగిలిందో
నాకు వెలుతురు చాల్లేదు.

ఆర్నెల్లకి కవరొచ్చింది. ఒక ఫొటో.
హీరో హీరోయిన్ల ముద్దు.
వాళ్ల వెనక ట్రే పట్టుకుని పిమ్,
సగం ఫొటోలో, సగం బయట.
ఎలీషా దాన్ని కాటా గదిలో
తూనికరాళ్ల పైన అంటించాడు.
"ఆ ట్రే చూడు," అనేవాడు,
"ముద్దయ్యేదాకా ఒక్క గ్లాసులో నీళ్లు కదిలాయా?"
ఫొటోలో నీళ్లెలా కదుల్తాయి గురూ, అంటే
నావైపు జాలిగా చూసి,
"ప్రాంప్టరువి. నీకు తెలీదులే."