ఉసికె మాత్రం ఇయ్యరట

"ఓదెమ్మ, భర్త రాజీరు" అని బంట్రోతు
మూడుసార్లు పిలిచిండు పరకాల కోర్టుల.
మూడోసారికి గాని సమజ్ కాలే
అది నేనే అని.
సంగం లోనుకు ఆడోళ్ల పేరుంటె మిత్తి తక్కువని
ఆర్‌సీ నా పేర రాయించిండు ఆయన.
మూడేండ్ల సంది బండి మా ఆకిట్ల ఉంటది,
ఒక్కనాడు స్టీరింగు ముట్టలే.
జడ్జమ్మ అద్దాల మీదికెళ్లి చూసి
"వాహన యజమాని మీరేనా" అన్నది.
ఎనుకకు మర్రి చూసిన,
ఇంకెవల్నో అంటున్నదని.

చెప్పాల్నంటె తప్పు మాదే.
మొదటి ట్రిప్పుకు చిట్టీ ఉన్నది, సర్కారు ముద్దర ఉన్నది.
రెండోదానికీ అదే చిట్టీ.
కొంరెల్లి మేస్త్రి స్లాబు ఆగిందని తొందర వెట్టె,
ఈయన రాత్రి పదకొండుకు చలివాగుల దింపె.
గడ్డకెక్కుతుంటె
మొఖం మీద లైట్లు వడ్డయి.

నాలుగు నెలలు.
ఠాణా ఎనుక, కాలిన మోటర్‌సైకిలుకూ
చక్రాల్లేని ఆటోకూ నడుమ
బందెలదొడ్ల ఎద్దు లెక్క నిలవడ్డది.
బ్యాటరీ సచ్చింది. ఎడమ టైరు కూసున్నది.
డీజిలు ఎవలు తాగిన్రో ఏ రిజిస్టర్ల లేదు.
కిస్తీ మాత్రం నెలనెలా
తొవ్వ తప్పకుంట ఇంటికచ్చింది.
అంగడికి పోయినప్పుడల్లా
గోడ మీదికెళ్లి చూసచ్చేదాన్ని,
దవాఖాన్ల మనిషిని చూసినట్టు.

వకీలు సదానందం సారు
"కేసు కేసే, బండి బండే.
తుప్పు వడితె ఎవలికి లాభం? అదే అడుగుదాం" అన్నడు.
ముంగట 'మల్లన్న దయ' అని రాసున్న బండిని
అర్జీల 'సదరు వాహనం' అని రాసిండు.

జమానతుకు మా తోటికోడలు వచ్చింది.
గెట్టు పంచాయితి కాడికెళ్లి
రెండేండ్లు నాతోని మాట లేనిది.
పాసుబుక్కు కొంగుల ముడేసుకొచ్చి
టేబులు మీద వెట్టి
నా దిక్కు చూడకుంట ఏలుముద్ర ఏసి పోయింది.

షరతులు చదివిన్రు.
అమ్మొద్దు. రంగు మార్చొద్దు.
పిలిచిననాడు తెచ్చి నిలవెట్టాలె.
మళ్ల దొరికితె కట్టిన పైసలు జప్తు.
నాలుగు దిక్కుల ఫొటోలు, ప్రతి ఫొటో ఎనుక నా సంతకం.
పెండ్లి నాడు గూడ ఇన్నిటికి ఒప్పుకోలే.
"ట్రాలీలున్న ఉసికె?" అన్న.
"అది సర్కారుది. బండే మీది" అన్నడు సారు.

నాకోసం అడగలే.
వాగు ఒడ్డుకే మా బాయి.
వాగుల ఉసికె ఉన్నన్ని దినాలే బాయిల ఊట అని
మా మామ అంటుండె.
ఈయన ఇంత తోలిండు, ఊరంత ఇంత తోలిన్రు,
ఆ పైసలతోనే నేను బియ్యం వండిన.
మొన్న ఎండకాలం మోటరు గాలి కక్కింది.
"దాన్ని మళ్ల వాగుల పోసేటట్టు
ఏదన్న కాయితం వెట్టరాదు సారూ" అన్న.
ఆయన నవ్వలే.
పెన్ను మూత వెట్టి, చాయ్ తాగుతవా అన్నడు.

ఆర్డరు వట్టుకొని పోయేటాల్లకు
ట్రాలీల తుంగ మొలిచి ఉన్నది.
ఒక మూలకు దోసతీగ.
వాగుల ఎవలు ఉమ్మిన గింజనో
ఠాణాల పూసింది, రెండు పసుప్పచ్చ పూలు.
పంచనామాల అది లేదు.
హెడ్డు కానిస్టేబులు ఉసికంత కింద గుమ్మరిపిచ్చిండు,
పక్కగోడకు పనికస్తదన్నడు.
తీగను ఏర్లతోని లేపి
టిపినిల వెట్టుకున్న, దోసెడు ఉసికెతోని.
ఎవలకూ చెప్పలే.

నలుగురు తోసిన్రు.
దగ్గింది, నల్లటి పొగ కక్కింది, లేచింది.
ఆయన ఎక్కబోతుంటె "ఆగు" అన్న.
నాకు గేరేదో బ్రేకేదో తెల్వది.
గేటు కాడ రిజిస్టరు తెచ్చి
యజమాని సంతకం అడిగేదాక
సీట్ల నేనే కూసున్న.
తర్వాత జరిగిన.

తీగ బాయిగడ్డ మీద వెట్టిన.
అంటుకున్నదో లేదో ఇంక చూడలే.
వాయిదా పద్దెనిమిదో తారీకు.