గురువారం, ఏడు నుంచి పది

మా అపార్ట్‌మెంట్ అడుగున బట్టలుతికే గది.
గోడకో పలక, పలక నిండా గళ్లు,
ఇంటికో బుల్లి తాళం:
ఏ గడికి తగిలిస్తే ఆ పూట యంత్రాలు వాళ్లవి.
గురువారం, ఏడు నుంచి పది: షమీరాన్.

మూడు నెలలు ఒక్క చొక్కా ఉతకలేదు.
నాటకం ఆడించింది.

కమీష్లీలో బడిపిల్లల చేత వేషాలు వేయించేదట.
ఈ సోదర్‌తాల్యేలో ఆసుపత్రి నేల తుడిచేది,
బస్సు టైంటేబుళ్ల వెనకవైపు రాసేది.
ఆ కాగితాలు తెచ్చిచ్చే డ్రైవర్ని నేనే, అబ్లహద్‌ని.
ఆమె రాజుని. మతిమరుపు రాజుని.
పిజ్జాలు కాల్చే గబ్రో పెళ్లికొడుకు.
ఆరబెట్టే యంత్రం తలుపు తెరిస్తే పగలు, మూస్తే రాత్రి,
ఖాళీగా తిరగనిస్తే మా ఊరి జగ్‌జగ్ నది.

ఓ రోజు రెండో అంతస్తు గున్వోర్ దిగింది,
చంకలో మాసిన దుప్పట్ల బుట్ట.
"ఉతకని వాళ్లకి గంటలెందుకు?"
అడిగింది న్యాయమే.
షమీరాన్ ఆ బుట్ట అందుకుని యంత్రంలో కుమ్మరించి
ఖాళీ చేతుల్లో కాగితాలు పెట్టింది:
స్వీడిష్ లిపిలో మా సురైత్ మాటలు.
"ఇవి ఆరేలోపు, వీళ్లు మరిచిపోతే అందించు."

దుప్పట్లు ఆరాయి.
గున్వోర్ పంతొమ్మిదేళ్లు అందించింది,
అర్థం తెలియదు, ఒక్క పొల్లు పోదు.
నేను కిరీటంతో నోరు తెరుచుకు నిలబడినప్పుడల్లా
సబ్బు డబ్బాల వెనక నుంచి, గుసగుసగా,
మా అమ్మ భాష.

తర్వాత రాజధానిలో పెద్ద థియేటర్ పిలిచింది.
యుద్ధం రాయమన్నారు. పడవ రాయమన్నారు.
ఆమె వచ్చింది విమానంలో, కిటికీ పక్కన, వాంతులతో.
ఒక కుట్టుమిషను కోసం కొట్టుకునే అక్కాచెల్లెళ్లని రాసింది.
"ఇందులో మీరెక్కడ?" అన్నాడు అక్కడి పెద్దమనిషి.
"మిషను కింద, దారాలు ఏరుతున్నా."
పదకొండు రోజులు ఆడింది.
పత్రికలో యాస గురించి నాలుగు వాక్యాలు, నాటకం గురించి ఒకటి.
ఆ ఒక్కటీ కత్తిరించి పర్సులో పెట్టుకుంది,
మిగతా కాగితంలో చేపలు చుట్టింది.
బహుమతులూ వచ్చాయి లెండి, ఆనక. వాటి సంగతి ఆమె చెప్పదు.
గురువారం తాళం మాత్రం తీయలేదు.

గున్వోర్ ఇప్పుడు వృద్ధుల ఆశ్రమంలో ఉంది.
మొగుడి పేరు పోయింది, స్వీడిష్ సగం పోయింది.
మొన్న వెళ్తే, కిటికీలో మంచుకి చెబుతోంది:
రెండో అంకం. రాజు మాటలు. నావి.
"ఇదే భాషండీ?" అంది నర్సు.
షమీరాన్ పెదవి మీద వేలు పెట్టింది,
తెర లేచాక మాట్లాడితే ఆమె ఊరుకోదు.

గున్వోర్ ఆగింది. వెతికింది.
వంగి చెవిలో అందించబోయాను,
తీరా అది నేనెప్పుడూ మరిచే చోటే.
రాసిన మనిషి వైపు చూశాను.
ఆమెకీ దొరకలేదు.

ముగ్గురం నోళ్లు తెరుచుకుని కూర్చున్నాం.
కింది అంతస్తులో ఎవరివో దుప్పట్లు తిరుగుతున్నాయి,
జగ్‌జగ్, జగ్‌జగ్.