ఒకరు తక్కువ

మనిషికి ఏడు వందలు. అందులోనే పొద్దుటి ఉప్మా,
మధ్యాహ్నం పులిహోర, ఒక నీళ్ల సీసా, గైడు.
మహబూబ్‌నగర్ క్లాక్ టవర్ దగ్గర ఆరున్నరకు వ్యానెక్కితే
మక్తల్ దాటేసరికి
రిటైరైన మా పద్నాలుగు మందిలో
సగం తలలు నిద్రలో ఊగుతున్నాయి.

ముడుమాల్‌లో దిగిన చోట నీడ లేదు.
కృష్ణ ఎక్కడో దగ్గర్లోనే ఉందని గాలి చెబుతోంది గానీ
కంటికి ఆనేది మొలకెత్తిన పత్తి చేను, కంచె,
ఆ వెనక
ఎవరో పిలిస్తే ఒక్కసారిగా లేచి నిలబడి
ఎందుకు లేచారో మరిచిపోయినట్టు
రాళ్లు.

గైడు తాయప్ప. ఈ దిక్కువాడే.
మెడలో కార్డు, చేతిలో కందికట్టె.
"మూడు వేల ఏండ్లు సార్, తక్కువల తక్కువ.
గడియారం లేదు, క్యాలెండర్ లేదు,
రాయి నీడ చూసి ఇత్తనం ఏసెటోళ్లు.
ఏడాదిల ఒక్క దినం
గీ రాయి, గా రాయి, పొద్దు, మూడూ ఒక్క గీతకొస్తయ్."
ఆ దినం పోయి పన్నెండు రోజులైందట.
మేం వచ్చిన పూట
నీడలు ఎవరి దారిన అవి పడి ఉన్నాయి.

బోర్లా పడుకున్న బండ మీద గుంతలు,
బొటనవేలు పట్టేటంత.
"సప్తర్షి మండలం" అన్నాడు. మాకు కనపడలేదు.
హమీదా టీచర్ సంచిలోంచి ఉడకబెట్టిన పల్లీలు తీసి
గుంతకొకటి పెట్టుకుంటూ పోయింది.
ఆరు, ఏడు.
పట్టపగలు పన్నెండింటికి
గరిటె తిరగేసినట్టు ఆకాశం మా కాళ్ల ముందర.
ఫోన్లు తీసేలోగా ఒక మేకపిల్ల వచ్చి
తోకకాడి చుక్కలు నమిలేసింది.
వశిష్ఠుడు పోయాడు, వెంటే అరుంధతి.

అందరూ పడీపడీ నవ్వారు. నా కన్ను వరుస మీదే ఉంది.
ముప్పై ఒక్క ఏళ్లు సర్వేలో గొలుసు లాగించినవాణ్ణి.
మాగనూరు, ఊట్కూరు, నారాయణపేట,
నేను పాతించిన హద్దురాళ్లు కుప్పేస్తే
ఒక ఊరికి ప్రహరీ అవుతుంది.
ఒక కన్ను మూసి చూశాను.
వంకర లేదు.
ఎవడో ఒకడు ఆ చివర నిలబడి చెయ్యి ఊపి ఉంటాడు,
ఇంకా ఎడమకు, ఇంకొంచెం, ఆఁ, చాలు.
అది మా కేకే. నాకు తెలుసు.
కాకపోతే వాళ్లు కొలిచింది పొద్దును.

"మా అవ్వ వేరే కథ చెప్తుండె"
పులిహోర విస్తళ్ల మధ్య తాయప్ప.
"గీళ్లంత మనుషులే సార్. కల్లంకాడ జొన్నలు తూర్పార పడుతుండ్రు.
తల్లి ముసల్దాని లెక్క వచ్చి దోసెడు గింజలడిగింది.
కుప్పలు ముందలనే ఉన్నయ్. లేవన్నరు.
లేవన్నోళ్లు అన్నకాడనే నిలబడ్డరు.
గీ చిన్నరాళ్లు జొన్నలు."
ఎవరో ఊరగాయ అడిగారు.

నాకు ముద్ద దిగలేదు.
ఊట్కూరు అవతల ఒక చెలక, ఉసేనమ్మది.
రాయి ఎక్కడుండాలో నాకు తెలుసు.
పక్క చేనాయన ఇంట్లో కోడికూర తిని వచ్చి
ఐదడుగులు లోపలికి పాతించాను.
"ఇంతేనా సారూ నాది? ఇంకింత ఉండె గద."
"లేదు" అన్నాను, నక్షా మడిచి చంకలో పెట్టుకుంటూ.
ఆమె రాయి మీది మట్టి కొంగుతో తుడిచింది,
ఎందుకో.

ఈ రాళ్లను ఎవరు లెక్కబెట్టినా
రెండోసారి అదే లెక్క రాదట.
నాలుగింటికి వ్యాన్ దగ్గర తాయప్ప
వేలు చూపిస్తూ తలలు లెక్కబెడుతున్నాడు.
పన్నెండు, పదమూడు.
మళ్లీ మొదటి నుంచి.
"ఒకరు తక్కువున్నరు" అని డ్రైవర్‌తో అంటున్నది
గాలికి ఇక్కడిదాకా వినిపిస్తోంది.

ఎత్తు రాయి పక్కన
నా నీడ దాని నీడకు ఆనుకుని ఉంది.
హారన్ రెండుసార్లు కొట్టారు.
కదిలే ముందు, చెప్పులో
కుడికాలి బొటనవేలు ఒకసారి ఆడించి చూసుకున్నాను.